అబ్రాహాము విగ్రహాలు పగలగొట్టిన కథ బైబిల్లో ఎక్కడుంది? మిద్రాష్ అంటే అసలేంటి?

పొద్దుతిరుగుడు:
అందరికీ నమస్తే. అబ్రాహాము వాళ్ళ నాన్న విగ్రహాలు అమ్మేవాడని, ఒకరోజు నాన్న లేని టైం చూసి కొడుకు అన్నీ పగలగొట్టేసి కర్ర తీసుకెళ్ళి పెద్ద విగ్రహం చేతిలో పెట్టాడని ఒక కథ ఉంది కదా, దాన్ని అందరూ బైబిల్ కథ అనే చెప్తారు. ఆదికాండం 11, 12 అధ్యాయాలు తిరగేసి మరగేసి చూశా. తెరహు పేరుంది, కల్దీయుల ఊరు వదిలి బయల్దేరారని ఉంది, షాపు లేదు విగ్రహాలు లేవు కర్రా లేదు. యెహోషువ 24లో మాత్రం తెరహు వాళ్ళు వేరే దేవుళ్ళని పూజించారని ఒక్క ముక్క ఉంది, అంతే. వెతికితే "అది మిద్రాష్‌లోది" అని వచ్చింది, ఇంకోచోట "తాల్ముడ్" అని, ఇంకోచోట "యూదుల పుక్కిటి పురాణం" అని. ఇంతకీ మిద్రాష్ అనేది ఒక పుస్తకమా? యూదులకి అది కూడా లేఖనమేనా? ఇదంతా నిజంగా జరిగిందని వాళ్ళు నమ్ముతారా? కొంచెం వివరంగా చెప్పండి ప్లీజ్, లింకులు పడేసి వెళ్ళిపోకండి.

పాతపుస్తకాలపిచ్చి:
మంచి ప్రశ్న అండీ. ముందు కథ అడ్రసు చెప్తా. బెరేషీత్ రబ్బా అని ఆదికాండం మీద ఒక పెద్ద మిద్రాష్ ఉంది, సుమారుగా 5వ శతాబ్దంలో ఇశ్రాయేలు దేశంలో, గలిలయ రబ్బీల (యూదు మతగురువుల) చుట్టూ కూర్చిన సంకలనం. అందులో 38వ అధ్యాయం 13వ భాగంలో ఉంది మీ కథ. తెరహు ఎక్కడికో వెళ్తూ కొడుకుని కొట్టులో కూర్చోబెడతాడు. ఒకాయన కొనడానికొస్తే అబ్రాహాము నీ వయసెంత అని అడుగుతాడు, ఏదో యాభై అరవై అంటాడు ఆయన, అరవై ఏళ్ళ మనిషివి ఒక్కరోజు వయసున్నదానికి మొక్కుతావా అంటాడు కుర్రాడు, ఆయన సిగ్గుపడి వెళ్ళిపోతాడు. తర్వాత ఒకావిడ గిన్నెలో పిండి తెచ్చి వీటికి పెట్టు అంటుంది. అప్పుడే కర్ర తీసుకుని పగలగొట్టేసి పెద్దదాని చేతిలో పెడతాడు. నాన్న వచ్చి ఏంట్రా ఇది అంటే, పిండి కోసం కొట్టుకున్నాయి నాన్నా, పెద్దది లేచి అన్నిటినీ విరగ్గొట్టింది అంటాడు. నన్ను ఆటపట్టిస్తున్నావా వాటికేం తెలుసు అంటాడు తెరహు. మీ నోరు అన్నమాట మీ చెవులు వింటున్నాయా అంటాడు కొడుకు.

అందరూ చెప్పేది ఇక్కడిదాకానే. కానీ ఆ కథ చెప్పిన రబ్బీకి కావలసింది దీని తర్వాత ఉంది. తెరహు కొడుకుని తీసుకెళ్ళి నిమ్రోదు అనే రాజుకి అప్పగిస్తాడు. నిమ్రోదు నిప్పుని పూజించు అంటే, నిప్పుని ఆర్పేది నీళ్ళు కదా అంటాడు అబ్రాహాము, సరే నీళ్ళని పూజించు అంటే నీళ్ళని మోసేది మేఘం, మేఘం అంటే దాన్ని చెదరగొట్టేది గాలి, గాలి అంటే గాలిని తట్టుకుని నిలబడేవాడు మనిషి... చివరికి విసుగొచ్చి నేను మొక్కేది నిప్పుకే, అందులో పడేస్తా, మీ దేవుడొచ్చి కాపాడతాడేమో చూద్దాం అంటాడు. పక్కనే తమ్ముడు హారాను నిలబడి ఉంటాడు గోడమీద పిల్లిలా, అన్న గెలిస్తే అన్న వైపు, నిమ్రోదు గెలిస్తే నిమ్రోదు వైపు అని. అబ్రాహాము క్షేమంగా బయటికొస్తాడు, నువ్వెవరి వైపు అని అడిగితే హారాను అబ్రాహాము వైపే అంటాడు, వాణ్ణి పడేస్తారు, లోపలి పేగులు కాలి తండ్రి కళ్ళముందే చచ్చిపోతాడు.

ఇప్పుడు ఆదికాండం 11:28 తీయండి. "హారాను తన తండ్రియైన తెరహు కంటె ముందుగా కల్దీయుల ఊరులో మృతిబొందెను". తండ్రి బతికుండగా కొడుకు పోవడం ఏంటి, ఎందుకు పోయాడు, ఎలా పోయాడు, వాక్యం ఒక్క ముక్క చెప్పదు. పైగా హీబ్రూలో ఆ పట్టణం పేరు "ఊర్" అనే అక్షరాలనే అగ్ని అని కూడా చదవచ్చు (తెలుగు బైబిల్లో చదివితే మనకి అది మామూలు ఊరే అనిపిస్తుంది, అది వేరే కామెడీ). అంటే విగ్రహాలు, షాపు, నిమ్రోదు, కొలిమి, ఇదంతా కలిపి 11:28 అనే ఒక్క వాక్యానికి జవాబు. మిద్రాష్ అంటే ఇదే పద్ధతి. వాక్యంలో ఎక్కడో చదువరి కాలికి ఒక రాయి తగులుతుంది, రబ్బీ దాన్ని దాటేసి పోడు, అక్కడే ఆగి తవ్వుతాడు. ఇంకో రాయి కూడా ఉంది ఇక్కడే, నోవహు గురించైతే నీతిమంతుడు అని చెప్పి మొదలెడతారు, అబ్రాహాము గురించి అలాంటి పరిచయం ఏదీ లేకుండా 12వ అధ్యాయంలో డైరెక్టుగా "నీవు లేచి బయలుదేరు" అంటాడు దేవుడు, ఈయన్నే ఎందుకు పిలిచాడు అనే ప్రశ్న ఎవరికైనా వస్తుంది.

ఇంకో విషయం, ఈ తవ్వకం రబ్బీలతో మొదలవ్వలేదు. క్రీస్తు పూర్వం 2వ శతాబ్దం నాటి జూబిలీల గ్రంథంలో అబ్రాహాము రాత్రిపూట విగ్రహాల ఇంటికే నిప్పు పెడతాడు, వాటిని కాపాడబోయి హారాను కాలిపోతాడు. కథ వేరు, వాక్యం అదే.

పుస్తకమా అంటే ఒకటి కాదు, ఒక పద్ధతి, ఆ పద్ధతిలో పుట్టిన చాలా సంకలనాలు. నిర్గమకాండం మీద మెఖిల్తా, లేవీయకాండం మీద సిఫ్రా, సంఖ్యా ద్వితీయోపదేశ కాండాల మీద సిఫ్రే, ఇవి పాతవి, ఎక్కువ ధర్మశాస్త్రం గొడవే. తర్వాత వచ్చిన బెరేషీత్ రబ్బా, విలాపవాక్యాల మీది రబ్బా, తన్‌హూమా లాంటివాటిలో కథలూ ఉపదేశాలూ ఎక్కువ. తాల్ముడ్ వేరే గ్రంథం, రబ్బీల చట్ట చర్చలు ఉండే పెద్ద పుస్తకం, కానీ దాని లోపల కూడా మిద్రాష్ కుప్పలుగా ఉంటుంది, అందుకే మీకు రెండు పేర్లూ వచ్చాయి.

కిట్టు_77:
అంటే సింపుల్‌గా చెప్పాలంటే కల్పించారు అన్నమాట 😀 వాల్మీకిలో లేని ఊర్మిళ నిద్ర మన ఆడవాళ్ళ పాటల్లో ఉన్నట్టు. దానికింత బిల్డప్ ఎందుకు బ్రదర్.

పాతపుస్తకాలపిచ్చి:
కిట్టు గారూ పోలిక కొంతవరకే వస్తుంది. ఊర్మిళ పాట పాడేవాళ్ళు ఫలానా శ్లోకంలో ఫలానా మాట అతకట్లేదు కాబట్టి ఈ పాట అని చెప్పరు, ఆ అవసరం వాళ్ళకి లేదు. మిద్రాష్‌లో వాక్యం పట్టుకోకుండా కథ చెప్తే ఎవడూ వినడు. కయీను హేబెలు దగ్గర చూడండి. ఆదికాండం 4:8లో కయీను తమ్ముడితో మాట్లాడాడు అని ఉంటుంది, ఏం మాట్లాడాడో ఉండదు, వెంటనే పొలంలో ఉన్నప్పుడు మీదపడి చంపాడు అని ఉంటుంది. హీబ్రూలో అయితే ఇంకా ఘోరం, "కయీను తన తమ్ముడైన హేబెలుతో అన్నాడు" అని వాక్యం సగంలో ఆగిపోతుంది. గ్రీకు అనువాదంలో "పొలానికి పోదాం పద" అని అక్కడ పూరించేశారు. రబ్బీలు అలా పూరించకుండా ఇంతకీ దేని గురించి గొడవపడ్డారు అని అడిగారు.

బెరేషీత్ రబ్బా 22:7లో జవాబులు వరసగా ఉంటాయి. ఒకటి, ఇద్దరూ లోకాన్ని పంచుకున్నారు, ఒకడు భూమి తీసుకున్నాడు ఇంకొకడు కదిలే వస్తువులన్నీ తీసుకున్నాడు. నువ్వు నిలబడ్డ నేల నాది, గాల్లోకి ఎగురు అంటాడు ఒకడు. నీ ఒంటిమీద బట్ట నాది, విప్పు అంటాడు రెండోవాడు. అలా ఎగురు, విప్పు, ఎగురు, విప్పు అనుకుంటూ చంపుకునేదాకా వెళ్ళారు. రెండు, సిఖ్నీన్ ఊరి రబ్బీ యెహోషువ, రబ్బీ లేవీ పేరు మీద చెప్పింది, ఇద్దరూ అన్నీ సమానంగానే పంచుకున్నారు, గొడవ దేవాలయం ఎవరి వాటాలో కట్టాలి అని. దేవాలయం ఇక్కడికి ఎలా వచ్చిందిరా బాబూ అంటారా, వాక్యంలో "పొలము" ఉంది కదా, మీకా 3:12లో సీయోను పొలంలా దున్నబడుతుంది అని ఉంది, పొలం అంటే దేవాలయం ఉండే చోటు. మూడు, గొడవ ఒక ఆడమనిషి కోసం. ఆస్తి, మతం, స్త్రీ. లోకంలో మొదటి హత్యకి మూడు కారణాలు రాసిపెట్టి ఏది కరెక్టో తేల్చకుండా వెళ్ళిపోయారు, నాకైతే ఆ తేల్చకపోవడమే నచ్చుతుంది. మిద్రాష్‌లో అడుగడుగునా "దవార్ అహేర్" అని వస్తుంది, ఇంకో మాట అని, అంటే పైన చెప్పింది కొట్టేయట్లేదు, పక్కన ఇంకోటి పెడుతున్నారు. కల్పించి నమ్మించాలనుకునేవాడు ఒకే వాక్యానికి మూడు కథలు రాయడు కదా.

అక్షరతోట:
విగ్రహాల కథ ఖుర్ఆన్‌లో కూడా ఉందండీ, 21వ సూరా అంబియాలో. ఇబ్రాహీం అలైహిస్సలాం అన్నీ పగలగొట్టి పెద్దదాన్ని వదిలేస్తారు, ఎవరు చేశారు అంటే ఈ పెద్దదే చేసింది, వాటినే అడగండి అంటారు, అగ్నిలో వేస్తే అల్లాహ్ అగ్నిని చల్లబడమని ఆజ్ఞాపిస్తాడు. కానీ అక్కడ షాపు లేదు, పిండి తెచ్చిన ఆవిడ లేదు, హారాను ఊసు లేదు. మా ఇంట్లో ఇది వహీ, అంటే దేవుడి నుంచి దిగిన మాట, ఎవరో ఆలోచించి పూరించిన ఖాళీ కాదు. ఒక వాక్యానికి జవాబుగా వచ్చింది అని చదివాక ఈ రెండూ ఎంత దగ్గరగా ఉన్నా చదివే తీరే వేరు అనిపించింది. పైన రాసినవారికి థాంక్స్, హారాను సంగతి ఇప్పుడే తెలిసింది.

సెమినరీ_బెంచీ:
నమ్ముతారా అనే ప్రశ్నకి ఎవరూ జవాబు చెప్పలేదు కాబట్టి నేను. యూదుల్లోనే దీని మీద వెయ్యేళ్ళుగా వాదన నడుస్తోంది. మైమోనిదేస్ అనే యూదు పండితుడు 12వ శతాబ్దంలో మిష్నా (రబ్బీల పాత చట్ట సంకలనం) మీద వ్యాఖ్యానం రాస్తూ జనాన్ని మూడు గుంపులు చేశాడు. రబ్బీల కథలన్నీ అక్షరాలా జరిగాయని నమ్మేవాళ్ళు ఒకటి, వాళ్ళు పెద్దల్ని గౌరవిస్తున్నాం అనుకుంటూ నిజానికి వాళ్ళ పరువు తీస్తున్నారు అంటాడు. రెండోవాళ్ళు కూడా అక్షరాలా తీసుకుని ఎగతాళి చేసేవాళ్ళు. మూడోవాళ్ళు లోపల ఇంకో అర్థం ఉందని వెతికేవాళ్ళు, వీళ్ళు చాలా తక్కువమంది అని ఆయనే అంటాడు. (కిట్టు గారూ మీరు ఏ గుంపో నేను చెప్పను.)

ఇంకో సీను 1263, బార్సిలోనా. అరగాన్ రాజు మొదటి జేమ్స్ ముందు వాదం. యూదు మతం వదిలి క్రైస్తవుడైన పాబ్లో క్రిస్తియానీ ఒక వైపు, రబ్బీ నహ్మానిదేస్ ఒక వైపు. పాబ్లో తెలివైన పని చేశాడు, కొత్త నిబంధన జోలికి పోకుండా మీ రబ్బీల కథల్లోనే మెస్సీయ ఇప్పటికే పుట్టేశాడని ఉంది చూడండి అన్నాడు, దేవాలయం కూలిన రోజే మెస్సీయ పుట్టాడని ఒక మిద్రాష్ నిజంగానే ఉంది మరి. దానికి నహ్మానిదేస్ జవాబు ఏంటంటే, మాకు మూడు రకాల పుస్తకాలున్నాయి, బైబిల్ అందరం నమ్ముతాం, తాల్ముడ్ ఆజ్ఞలకి వివరణ, మూడోది మిద్రాష్, అది మీ బిషప్ గారు లేచి ఒక ప్రసంగం చేస్తే విన్నవాడెవడో నచ్చి రాసిపెట్టుకున్నట్టు, నమ్మినవాడికి మంచిదే, నమ్మనివాడికి నష్టం లేదు. ఇది మనస్ఫూర్తిగా అన్నాడా లేక ఇరుక్కుని తప్పించుకోడానికి అన్నాడా అని పండితులు ఇప్పటికీ కొట్టుకుంటారు, ఎందుకంటే ఆయనే తన తోరా (బైబిల్లో మొదటి ఐదు కాండాలు) వ్యాఖ్యానంలో మిద్రాష్‌లని చాలా సీరియస్‌గా పట్టించుకుంటాడు.

మామూలు జనం దాకా ఈ కథలు రావడానికి పెద్ద కారణం రషీ (1040–1105), ఫ్రాన్సులో త్రోయె ఊరాయన. తోరా చదివే యూదు పిల్లలు వాక్యంతోపాటే రషీ వ్యాఖ్యానం చదువుతారు, అందులో మిద్రాష్‌లు బోలెడు, దాంతో పెద్దయ్యాక ఏది వాక్యమో ఏది మిద్రాషో కలిసిపోతుంది. పొద్దుతిరుగుడు గారికి వచ్చిన డౌట్ యూదు పిల్లలకీ వస్తుంది అని చెప్పడానికే ఇదంతా. రషీ మాత్రం ఆదికాండం 3:8 దగ్గర స్పష్టంగానే చెప్పాడు, నా పని వాక్యానికి సూటి అర్థం చెప్పడం, ఆ మాటలకి అతికే కథలు మాత్రమే తీసుకుంటా అని.

ఇస్సాకు బలి అప్పుడు వయసెంత అనేది ఇంకో రచ్చ. కుమారుణ్ణి అర్పించే కథ అయిపోయిన వెంటనే 23వ అధ్యాయంలో శారా మరణం ఉంది కదా, ఆ వార్త వినే ఆమె ప్రాణం పోయింది అని మిద్రాష్. శారా 90లో కంది, 127లో పోయింది, తీసేస్తే 37. అంటే ఇస్సాకు పిల్లాడు కాదు, తెలిసి తెలిసి కట్టించుకున్న మగాడు. ఇబ్న్ ఎజ్రా అనే మధ్యయుగం వ్యాఖ్యాత దీన్ని ఒప్పుకోలేదు. అలా అయితే మెచ్చుకోవాల్సింది ఇస్సాకుని కదా, వాక్యం ఆయన్ని ఒక్క ముక్కా మెచ్చుకోదేం అన్నాడు. చిన్న కుర్రాడే, పదమూడు ఉండొచ్చు అని ఆయన లెక్క.

చట్టం_చదివినోడు:
అందరూ కథల గురించే చెప్తున్నారు, మిద్రాష్‌తో చట్టం కూడా తీశారు, అసలు పవర్ అక్కడుంది. నిర్గమకాండం 21లో "కంటికి కన్ను, పంటికి పన్ను" అందరికీ తెలుసు. రబ్బీలు దాన్ని డబ్బు నష్టపరిహారం అని చదివారు. తాల్ముడ్‌లో బావా కమ్మా 83, 84 పేజీల్లో వాదన మొత్తం ఉంది, చదువుతుంటే లాయర్లు గుర్తొస్తారు. ఒకడి కన్ను పెద్దది ఇంకొకడిది చిన్నది అయితే కంటికి కన్ను ఎలా సరిపోతుంది? గుడ్డివాడు ఇంకొకడి కన్ను పోగొడితే వాడి దగ్గర ఏం తీస్తావు? ఇవి చాలవని ఇంకోచోటి వాక్యం పట్టుకొస్తారు, సంఖ్యాకాండం 35:31లో నరహంతకుడి ప్రాణానికి క్రయధనం తీసుకోకూడదు అని ఉంది కదా, ప్రాణానికే తీసుకోకూడదు అన్నాడంటే కన్నుకీ చేతికీ తీసుకోవచ్చన్నమాటే. పైకి ఉన్న మాటకి దాదాపు ఎదురుగా వెళ్ళి, మొత్తం వాక్యాలతోనే సాధించారు.

తీర్పు చెప్పే అధికారం ఎవరిది అంటే దానికి కూడా కథే. బావా మెసియా 59లో, ముక్కలుగా కోసి మధ్యలో ఇసుక వేసి కట్టిన ఒక మట్టి పొయ్యికి మైల అంటుతుందా లేదా అని గొడవ. రబ్బీ ఎలీయెజెర్ ఒక్కడు అంటదు అన్నాడు, మిగతా అందరూ అంటుతుంది అన్నారు. నా మాట నిజమైతే ఈ కరోబ్ చెట్టే చెప్తుంది అన్నాడు, చెట్టు వేళ్ళతో లేచి 100 మూరలు జరిగింది. చెట్టు సాక్ష్యం చెల్లదు అన్నారు. కాలువ వెనక్కి పారింది, అదీ చెల్లదు. పాఠశాల గోడలు వంగాయి, రబ్బీ యెహోషువ గోడల్నే తిట్టాడు, పండితులు వాదించుకుంటుంటే మధ్యలో మీకేం పని అని. పాపం గోడలు ఈయన మీద గౌరవంతో పడిపోలేదు, ఆయన మీద గౌరవంతో నిటారుగా లేవలేదు, ఇప్పటికీ వంగే ఉన్నాయట. చివరికి ఆకాశవాణి వచ్చి ఎలీయెజెర్‌దే కరెక్ట్ అంటే యెహోషువ లేచి ద్వితీయోపదేశకాండం 30లో మాట అందుకున్నాడు, "అది ఆకాశంలో లేదు". తోరా సీనాయి దగ్గర ఇచ్చేశావు, ఇక మెజారిటీదే మాట. తర్వాత ఒక రబ్బీకి ఏలీయా ప్రవక్త కనిపిస్తే అప్పుడు దేవుడేం చేశాడు అని అడిగాడట, నవ్వి "నా పిల్లలు నన్ను గెలిచారు" అన్నాడట.

వీడియోల్లో ఇక్కడితో ఆపి చప్పట్లు కొడతారు. తాల్ముడ్ ఆపదు. ఎలీయెజెర్‌ని వెలివేశారు, ఆ వార్త చెప్పడానికి శిష్యుడు రబ్బీ అకీవా నల్లబట్టలు వేసుకుని నాలుగు మూరల దూరంలో కూర్చున్నాడు. ఎలీయెజెర్ బట్టలు చింపుకుని నేలమీద కూర్చుని ఏడ్చాడు, ఆ రోజు లోకంలో ఒలీవల్లో మూడోవంతు, గోధుమల్లో మూడోవంతు, యవల్లో మూడోవంతు పాడైపోయాయి అని రాశారు. గెలిచినవాళ్ళ పుస్తకంలో ఓడినవాడి ఏడుపు అలా రాసిపెట్టారు. ఇంకో తమాషా, మెజారిటీ అన్నదానికి వాళ్ళు చూపించిన నిర్గమకాండం 23:2 మొత్తం చదివితే, చెడు చేయడానికి మందిని అనుసరించకు అని ఉంటుంది!

కిట్టు_77:
ఓకే ఈ పొయ్యి కథ మాత్రం అదిరింది, గోడల్ని తిట్టడం ఏంటి అసలు 😂 ఒప్పుకుంటా కానీ ఇది కూడా కల్పనే కదా.

చట్టం_చదివినోడు:
కల్పన కాదని ఎవరన్నారండీ. చెట్టు జరిగిందా అని కాదు, జరిగినా సరే తీర్పు మారదు అని ఆ కథ.

పొద్దుతిరుగుడు:
అబ్బ, ఇన్ని వస్తాయనుకోలేదు, అందరికీ థాంక్యూ. ఇంకో రెండు చిన్నవి. ఆదాముకి హవ్వ కంటే ముందు లిలిత్ అనే భార్య ఉండేదని వీడియోల్లో తెగ తిరుగుతోంది, అది కూడా మిద్రాషేనా? ఇంకా నేను ఇంగ్లీషులో చదవగలను, ఎక్కడ మొదలుపెట్టమంటారు?

పాతపుస్తకాలపిచ్చి:
లిలిత్ అనే దయ్యం పేరు తాల్ముడ్‌లో ఉంది కానీ ఆదాము మొదటి భార్యగా మీరు విన్న కథ "బెన్ సీరా అక్షరమాల" అనే మధ్యయుగం నాటి పుస్తకంలోది. అది చాలా చోట్ల బూతుతో కూడిన వెటకారం పుస్తకం, పవిత్రమైనవాళ్ళని కూడా వదలదు. ఐదో శతాబ్దం రబ్బీల మాటతో సమానంగా దాన్ని పెట్టకూడదు. మొదటి హవ్వ అనే ఆలోచన మాత్రం బెరేషీత్ రబ్బాలో ఉంది, పైన కయీను గొడవకి మూడో కారణం చెప్పినప్పుడు ఆడమనిషి అన్నానే, ఒక రబ్బీ లెక్కలో ఆమే ఆ మొదటి హవ్వ. పేరు లిలిత్ అని అక్కడ లేదు, ఆమె మట్టిలో కలిసిపోయింది అని వెంటనే ఇంకో రబ్బీ కొట్టిపారేస్తాడు కూడా.

చదవడానికి సెఫారియా అని ఫ్రీ సైట్ ఉంది, హీబ్రూ పక్కనే ఇంగ్లీషు ఉంటుంది. తోరాలో ఏ వాక్యం మీద నొక్కినా దాని మీదున్న వ్యాఖ్యానాలు, మిద్రాష్‌లు పక్కన వస్తాయి, మిద్రాష్‌కి అంతకంటే మంచి దారి లేదు. చాలామంది లూయీ గిన్‌జ్‌బర్గ్ ఏడు భాగాల పెద్ద పుస్తకం "లెజెండ్స్ ఆఫ్ ద జూస్" (1909 నుంచి 1938 దాకా వచ్చింది) చదవమంటారు. అందులో సరుకు అపారం కానీ ఆయన వందల మిద్రాష్‌లని కలిపి ఒకే నవలలా అల్లేశాడు, ఏ కథ ఏ వాక్యం కోసం పుట్టిందో, ఎవరు ఎవరితో విభేదించారో పైన కనపడదు, చివరి భాగాల్లో నోట్స్ తవ్వుకోవాలి. మొదటే అది చదివితే కిట్టు గారి అభిప్రాయమే మీకూ వస్తుంది.

నేనైతే బెరేషీత్ రబ్బా 55:7తో మొదలుపెట్టమంటా. ఆదికాండం 22:2లో దేవుడు "నీ కుమారుని, నీ ఏకైకుని, నీవు ప్రేమించువానిని, ఇస్సాకును" అని నాలుగుసార్లు ఎందుకు చెప్పాలి, ఇస్సాకు అంటే చాలదా? రబ్బీలకి అక్కడ మధ్యలో అబ్రాహాము మాటలు వినిపించాయి. నీ కొడుకుని తీసుకో. ఇద్దరున్నారు (ఇష్మాయేలు, ఇస్సాకు), ఎవర్ని? ఏకైకుణ్ణి. వాడు వాళ్ళమ్మకి ఒక్కడే, వీడూ వాళ్ళమ్మకి ఒక్కడే. నువ్వు ప్రేమించేవాణ్ణి. కడుపులో ప్రేమకి హద్దులు గీసి ఉంటాయా? ఇస్సాకుని. వాక్యంలో ఒక్క అక్షరం మార్చలేదు చూడండి, మధ్యలో తండ్రి గొంతు పెట్టారు అంతే. అది అయ్యాక అదే బెరేషీత్ రబ్బాలో 22:7, ఆ తర్వాత 38. సిఫ్రా జోలికి ఇప్పుడే వెళ్ళకండి, బలుల లెక్కల్లో పడి పుస్తకం మూసేస్తారు.